ఆ నలుగురి భుజాల మీద

*యుద్ధాన్ని జనరళ్లు నడుపుతారని మన నమ్మకం. 250 ఏళ్ల చరిత్ర ఉన్న అమెరికా మెరైన్‌ దళం మాత్రం తన నిర్మాణాన్ని కింది మెట్టు నుంచి కట్టుకుంటూ వచ్చింది. ముగ్గురిని వెంటబెట్టుకుని నడిచే ఓ కుర్ర కార్పొరల్‌ మీద అంత బరువు ఎందుకు పెట్టింది? ఆ బరువు మోయలేని రోజున ఏం జరిగింది?*

1943 నవంబరు 20. పసిఫిక్‌ మహాసముద్రం నడిమధ్యన, తరావా పగడపు దీవుల్లో బెటియో అనే చిన్న తునక. పొడవు మూడు కిలోమీటర్లకు కాస్త అటూ ఇటూ. వెడల్పు ఎక్కడా కిలోమీటరు లేదు. తెల్లవారింది గానీ, వస్తుందనుకున్న పోటు రాలేదు. సుమారు నాలుగడుగుల నీళ్లుంటే తప్ప కదలని పడవలు పగడపు దిబ్బ అంచునే ఆగిపోయాయి. ముందు తలుపులు తెరుచుకున్నాయి. రైఫిళ్లను నెత్తి మీదకు ఎత్తి పట్టుకుని కుర్రాళ్లు నీళ్లలోకి దిగారు. ఒడ్డు ఇంకా అరకిలోమీటరు దూరంలో ఉంది. ఎదురుగా జపాన్‌ మెషిన్‌గన్లు ఉన్నాయి.

ఒడ్డు చేరినవాళ్లకు దొరికిన చాటు ఒక్కటే. కొబ్బరి దుంగలను ఒకదాని మీద ఒకటి పేర్చి కట్టిన గోడ అది. దాని కింద నక్కినవాళ్లలో ఎవరు ఏ కంపెనీవాళ్లో తెలియదు. ఉప్పునీళ్లు పోయి వైర్‌లెస్‌ సెట్లు మూగబోయాయి. ఆజ్ఞలివ్వాల్సిన అధికారుల్లో కొందరు నీళ్లలోనే ప్రాణాలు వదిలారు. ఏం చేయాలని పైవాళ్లను అడిగే దారి లేదు. గోడ దాటాలా వద్దా అన్నది ఆ గోడ కిందే తేలాలి. పక్కన మిగిలిన ముగ్గురు నలుగురి మొహాలు చూసి ఏ సార్జెంటో, ఏ కార్పొరలో తేల్చాలి.

76 గంటల తర్వాత దీవి మెరైన్ల చేతికి వచ్చింది. దాదాపు వెయ్యిమంది మెరైన్లు ప్రాణాలు కోల్పోయారు. నాలుగున్నర వేలకు పైబడిన జపాన్‌ శిబిరంలో ప్రాణాలతో దొరికిన జపాన్‌ సైనికులు 17 మందే. వాళ్లతోపాటు 129 మంది కొరియా కూలీలు బతికారు. ఆ పోరులో అమెరికా అత్యున్నత శౌర్య పతకం మెడల్‌ ఆఫ్‌ ఆనర్‌ నలుగురికి దక్కింది. వాళ్లలో ఒకరు కల్నల్‌ డేవిడ్‌ షౌప్‌. ఇద్దరు ఫస్ట్‌ లెఫ్టినెంట్లు, విలియం డీన్‌ హాకిన్స్‌, అలెగ్జాండర్‌ బానీమన్‌. నాలుగోవాడు స్టాఫ్‌ సార్జెంట్‌ విలియం బోర్డెలాన్‌. షౌప్‌ ఒక్కడే ప్రాణాలతో ఆ పతకం అందుకున్నాడు. ఆ జాబితాలో జనరల్‌ లేడు. హోదాల్లో కిందికి దిగేకొద్దీ ఆ రోజు బరువు ఎవరి మీద పడిందో ఆ నాలుగు పేర్లే చెబుతాయి.

కాకినాడ తీరంలో వాళ్లేం చేస్తున్నారు?

మెరైన్ల మాట మన దగ్గర ఈమధ్య తరచూ వినిపిస్తోంది. భారత్‌, అమెరికా త్రివిధ దళాలు కలిసి చేసే ‘టైగర్‌ ట్రయంఫ్‌’ విన్యాసాలు 2019లో విశాఖపట్నం, కాకినాడ తీరాల్లో మొదలయ్యాయి. 2024లోనూ 2025లోనూ మళ్లీ ఇక్కడే జరిగాయి. ఓడల్లోంచి వాహనాలు తీరానికి దూసుకురావడం, సైనికులు ఇసుకలోకి దూకడం టీవీల్లో చూసిన చాలామందికి ఒక సందేహం కలిగింది. వీళ్లు ఓడ మీద వచ్చారు కనుక నౌకాదళమా? తుపాకీతో నేల మీద నడుస్తున్నారు కనుక పదాతి దళమా? ఇంతలో 2025 నవంబరు 10న ఆ దళానికి 250 ఏళ్లు నిండాయి. రెండు బెటాలియన్ల మెరైన్లను సమకూర్చుకోవాలని 1775లో అదే రోజున ఫిలడెల్ఫియాలో కాంటినెంటల్‌ కాంగ్రెస్‌ తీర్మానించింది.

ఆ సందేహానికి సూటి జవాబు ఉంది. అమెరికాలో మెరైన్‌ దళం నౌకాదళ శాఖ కిందే పనిచేస్తుంది, కానీ విడి దళం. దానికి సొంత పదాతి సేన, సొంత ఫిరంగులు, సొంత యుద్ధ విమానాలు ఉన్నాయి. సొంత వైద్యులు లేరు, సొంత పాస్టర్లూ లేరు. గాయపడిన మెరైన్‌కు కట్టు కట్టేది నౌకాదళం పంపిన వైద్య సహాయకుడే. ఓడ నౌకాదళానిది, ఓడ దిగి ఒడ్డున నిలబడే పని మెరైన్లది.

అసలు ప్రశ్న ఇంకొకటి ఉంది. నీటికీ నేలకూ మధ్య, పైవాళ్ల ఆజ్ఞ అందని చోట, పోరాడాల్సిన దళం తన మనుషులను ఎలా అమర్చుకోవాలి? సైన్యం అనగానే మన కళ్లముందు మెదిలేది పైనుంచి కిందికి జారే ఆజ్ఞల నిచ్చెన. మెరైన్ల నిర్మాణాన్ని దగ్గర్నుంచి చూస్తే దాని లెక్క తిరగబడి కనిపిస్తుంది. అక్కడ హోదాలూ దళాలూ అధికారాన్ని పైన కూడబెట్టడానికి పుట్టలేదు. నిర్ణయించే బాధ్యతను వీలైనంత కిందికి దించడానికి పుట్టాయి. ఆ దళానికున్న బలం అక్కడే ఉంది. అది చేసిన ఘోరమైన తప్పులకు మూలమూ అక్కడే ఉంది. రెంటినీ కలిపి చూస్తేనే ఈ కథ నిజమవుతుంది.

ముగ్గురి లెక్క

తుపాకుల మోతలో ఒక మనిషి గొంతు ఎంత దూరం వినిపిస్తుంది? తన ప్రాణం కాపాడుకుంటూ, ఎదుటివాడి మీద కన్నేసి ఉంచి, ఇంకా ఎంతమందిని కనిపెట్టుకోగలడు? మెరైన్లు అనుభవం మీద తేల్చుకున్న జవాబు ముగ్గురు. వాళ్ల పదాతి దళంలో అన్నిటికన్నా చిన్న ముక్క ఫైర్‌ టీమ్‌. అందులో నలుగురుంటారు. ఒకడు నాయకుడు, సాధారణంగా కార్పొరల్‌. అతను చూసుకోవాల్సింది మిగిలిన ముగ్గురినే. అలాంటి మూడు టీములకు సార్జెంట్‌ స్థాయి నాయకుడొకడు చేరితే 13 మంది స్క్వాడ్‌. మూడు స్క్వాడ్‌లు ఒక ప్లటూన్‌. మూడు రైఫిల్‌ ప్లటూన్లకు బరువైన ఆయుధాల ప్లటూన్‌ తోడైతే కంపెనీ. మూడు రైఫిల్‌ కంపెనీలకు ఆయుధాల కంపెనీ, కార్యాలయ సేవల కంపెనీ తోడైతే బెటాలియన్‌. ఎనిమిది వందల మందిని నడిపే లెఫ్టినెంట్‌ కల్నల్‌ కూడా పోరు వేళ ప్రధానంగా చూసుకోవాల్సింది మూడు రైఫిల్‌ కంపెనీలనే. ముగ్గురు కుర్రాళ్లను నడిపే కార్పొరల్‌ కూడా అదే లెక్కలో ఉన్నాడు.

ఈ లెక్క ఎవరో కాగితం మీద గీసింది కాదు. 1920ల చివర నికరాగువా అడవుల్లో గెరిల్లాలను వెంటాడిన చిన్న గస్తీ బృందాలు మొదటి పాఠం నేర్పాయి. ఆకులు దట్టంగా అల్లుకున్న దారిలో పాతికమందిని ఒకే గొంతుతో నడపడం కుదరదని అక్కడ తెలిసింది. రెండో పాఠం చైనా నుంచి వచ్చింది. ఇవాన్స్‌ కార్ల్‌సన్‌ అనే మెరైన్‌ అధికారి 1937, 38 సంవత్సరాల్లో చైనా కమ్యూనిస్టుల ఎనిమిదో రూట్‌ సైన్యంతో కలిసి వేలమైళ్లు తిరిగాడు. అధికారీ జవానూ ఒకే తిండి తినడం, ఏ పోరుకు ఎందుకు వెళ్తున్నారో అందరికీ ముందే చెప్పడం ఆయన మనసులో నాటుకున్నాయి. 1942లో రెండో రైడర్‌ బెటాలియన్‌ను తయారుచేసే పని తనకు అప్పగించినప్పుడు స్క్వాడ్‌ను ముగ్గురేసి ఉన్న మూడు జట్లుగా, వాళ్ల పైన ఒక నాయకుడిగా విడగొట్టాడు. కలిసి పనిచేయడం అన్న అర్థంలో ఆయన తెచ్చిన ‘గంగ్‌ హో’ అనే చైనా మాట ఇప్పుడు ఇంగ్లిష్‌ నిఘంటువుల్లో ఉంది.

తరావా పోరు ముగిసిన కొద్ది నెలలకు, 1944 మార్చిలో, మెరైన్‌ దళం తన లెక్క మొత్తాన్నీ తిరగరాసింది. అప్పటిదాకా ఉన్న 12 మంది స్క్వాడ్‌ పోయి, నలుగురేసి ఉన్న మూడు టీములు, వాళ్ల నాయకుడితో 13 మంది స్క్వాడ్‌ వచ్చింది. ప్రతి టీముకూ ఒక ఆటోమేటిక్‌ రైఫిల్‌ ఇచ్చారు. ఒక టీమ్‌ కాల్పులతో శత్రువు తల ఎత్తకుండా చూస్తుంది. ఆ చాటున రెండోది ముందుకు జరుగుతుంది. మూడోది అవసరం కోసం ఆగుతుంది. ఈ మూడు పనులకు మూడు టీములు కావాలి, ప్రతి టీముకూ సొంతంగా ఆలోచించే ఓ బుర్ర కావాలి. 2018లో దీన్ని 12 మందికి తగ్గించాలని చూశారు. టీముకు ముగ్గురే మిగిలారు. కొన్నేళ్ల ప్రయోగాల తర్వాత మళ్లీ 13కే వచ్చారు. ముగ్గురున్న టీములో ఒకడు గాయపడితే మిగిలేది ఇద్దరే. నలుగురిలో ఒకడు పడిపోయినా టీమ్‌ అనేది నిలబడుతుంది.

▣ ఎవరి చేతికింద ఎంతమంది?

ఫైర్‌ టీమ్‌: నలుగురు. నాయకుడు కార్పొరల్‌.
స్క్వాడ్‌: 13 మంది. నాయకుడు సార్జెంట్‌.
ప్లటూన్‌: సుమారు 40 మంది. లెఫ్టినెంట్‌ నడుపుతాడు. పక్కన అనుభవమున్న ప్లటూన్‌ సార్జెంట్‌ ఉంటాడు.
కంపెనీ: కెప్టెన్‌. తోడుగా ఫస్ట్‌ సార్జెంట్‌.
బెటాలియన్‌: ఎనిమిది వందల పైచిలుకు. లెఫ్టినెంట్‌ కల్నల్‌. తోడుగా సార్జెంట్‌ మేజర్‌.
రెజిమెంట్‌: కల్నల్‌.
డివిజన్‌: మేజర్‌ జనరల్‌. కనీసం మూడు డివిజన్లు, మూడు వైమానిక విభాగాలు ఉండి తీరాలని 1952 నాటి చట్టం చెబుతుంది.

‘నేను’ పోయి, మెరైన్‌ వచ్చేదాకా

పంతొమ్మిదేళ్ల కుర్రాడి చేతికి ముగ్గురి ప్రాణాలు అప్పగించాలంటే ముందు ఆ కుర్రాడిని తయారుచేయాలి. దక్షిణ కరోలినాలోని పారిస్‌ ఐలండ్‌, కాలిఫోర్నియాలోని శాన్‌ డియేగో శిక్షణ కేంద్రాల్లో 13 వారాలు ఆ పనే జరుగుతుంది. అక్కడ చేరినవాడు ‘నేను’ అనే మాట వాడకూడదు. మంచినీళ్లు కావాలన్నా ‘ఈ రిక్రూట్‌కు నీళ్లు కావాలి’ అనాలి. అతన్ని ఎవరూ మెరైన్‌ అని పిలవరు. చివర్లో ‘క్రూసిబుల్‌’ అనే 54 గంటల పరీక్ష ఉంటుంది. అరకొర తిండి, అరకొర నిద్రతో మైళ్ల కొద్దీ నడుస్తారు. దారిలో ఎదురయ్యే అడ్డంకులను ఒంటరిగా ఎవరూ దాటలేరు, జట్టుగానే దాటాలి. అది పూర్తయ్యాక గద్ద, భూగోళం, లంగరు ఉన్న చిన్న బిళ్లను చేతిలో పెడతారు. మెరైన్‌ అన్న పిలుపు అతను మొదటిసారి వినేది ఆనాడే.

ఆ తర్వాత హోదాల నిచ్చెన మొదలవుతుంది. మొదటి మూడు మెట్లు ప్రైవేట్‌, ప్రైవేట్‌ ఫస్ట్‌ క్లాస్‌, లాన్స్‌ కార్పొరల్‌. ఇవి చాలావరకు కాలం గడిచేకొద్దీ, మచ్చ లేకుండా పనిచేస్తే వస్తాయి. నాలుగో మెట్టు కార్పొరల్‌. ఇక్కడికి రావడానికి పోటీ ఉంది. గురి, ఒంటి సత్తువ, చదువు, పై అధికారి అంచనా కలిపి వేసే మార్కుల మీద ఆధారపడుతుంది. కార్పొరల్‌ అయిన రోజు నుంచి అతను నాయకుడు. నీలం ఉత్సవ దుస్తుల ప్యాంటు పక్కన ఎర్రని పట్టీ వేసుకునే హక్కు అప్పటినుంచే వస్తుంది. నిన్నటిదాకా తనతో ఒకే గదిలో పడుకున్న స్నేహితుడికి ఇవాళ పని చెప్పాలి, చెడితే జవాబు తాను చెప్పాలి. నిచ్చెన మొత్తంలో కష్టమైన అడుగు బహుశా ఇదే.

పైకి వెళ్తే ఇంకో తెలివైన ఏర్పాటు కనిపిస్తుంది. గన్నరీ సార్జెంట్‌ దాటాక దారి రెండుగా చీలుతుంది. మనుషుల మంచీచెడూ చూసుకోవాలనుకునేవాడు ఫస్ట్‌ సార్జెంట్‌, ఆపైన సార్జెంట్‌ మేజర్‌ అవుతాడు. పనిలో నిపుణుడిగా మిగలాలనుకునేవాడు మాస్టర్‌ సార్జెంట్‌, ఆపైన మాస్టర్‌ గన్నరీ సార్జెంట్‌ అవుతాడు. రెండు దారుల్లోనూ జీతం, అంతస్తు సమానం. మన ఆఫీసుల్లో మంచి పనివాడు ఎదగాలంటే పని వదిలేసి అజమాయిషీలోకి వెళ్లక తప్పదు. మంచి టీచర్‌ హెడ్మాస్టర్‌ అయ్యాక పాఠం చెప్పడం మానేస్తాడు. పని తెలిసినవాడికీ, మనుషులు తెలిసినవాడికీ చెరో నిచ్చెన వేయాలన్న ఆలోచన సైన్యం గోడలు దాటి నేర్చుకోదగినది.

అధికారుల దారి వేరు. విమానం నడపబోయేవాడైనా, న్యాయ విభాగంలో పనిచేయబోయేవాడైనా, సెకండ్‌ లెఫ్టినెంట్‌గా చేరిన ప్రతి ఒక్కరూ వర్జీనియాలోని క్వాంటికోలో సుమారు ఆరు నెలలు పదాతి ప్లటూన్‌ నడపడం నేర్చుకోవాల్సిందే. రేపు ఆకాశంలోంచి బాంబు వేసేవాడికి, కింద బురదలో ఉన్న కార్పొరల్‌ కష్టం తెలిసి ఉండాలన్నది దాని వెనకున్న ఉద్దేశం. భోజనాల దగ్గరా అంతే. చిన్న హోదావాళ్లు ముందు తింటారు, అధికారులు చివర్న తింటారు. పెళ్లి భోజనాల్లో అందరూ తిన్నాక కూర్చునే ఇంటి పెద్దల మర్యాద తెలిసిన మనకు దాని అర్థం వివరించక్కర్లేదు.

▣ పిలుపులో ఉంది గౌరవం

● మెరైన్లలో హోదాను పూర్తిగా పలకాలి. స్టాఫ్‌ సార్జెంట్‌ను ఉత్త ‘సార్జెంట్‌’ అంటే తప్పు. గన్నరీ సార్జెంట్‌ను చనువున్నచోట ‘గన్నీ’ అంటారు.
● నౌకాదళంలో కెప్టెన్‌ అంటే మెరైన్లలో కల్నల్‌తో సమానం. మెరైన్‌ కెప్టెన్‌ అంతకు మూడు మెట్లు కింద ఉంటాడు.
● ఎర్రపట్టీ 1847లో మెక్సికోలోని చాపుల్టెపెక్‌ కోట దగ్గర చనిపోయినవారి రక్తానికి గుర్తని చెప్పుకుంటారు. చరిత్రకారుల లెక్కలో ఆ పట్టీ అంతకుముందే ఉంది. అయినా కథ బతికే ఉంది.

ఓడలో ఒక ఊరు

కింది మెట్టు అర్థమైతే పై మెట్టు సులువు. దళం పెద్దదయ్యేకొద్దీ మెరైన్లు ఒకే సూత్రం వాడతారు. పంపే ప్రతి బృందంలోనూ నాలుగు భాగాలు ఉండి తీరాలి. నేల మీద పోరాడేవాళ్లు, గాల్లో ఎగిరేవాళ్లు, తిండీ ఇంధనమూ మరమ్మతులూ చూసేవాళ్లు, వీళ్లందరినీ ఒక్కతాటిన నడిపే కమాండ్‌. 1963లో ఈ పద్ధతిని అధికారిక ఉత్తర్వుగా మార్చారు. దాని చిన్న రూపం మెరైన్‌ ఎక్స్‌పెడిషనరీ యూనిట్‌. సుమారు 2,200 మంది, మూడు ఓడలు, ఒక కల్నల్‌. పదిహేను రోజులపాటు బయటి సాయం లేకుండా నిలబడగల సరంజామా ఓడల్లోనే ఉంటుంది. పెద్ద రూపం మెరైన్‌ ఎక్స్‌పెడిషనరీ ఫోర్స్‌. అలాంటివి మూడు. ఒకటి కాలిఫోర్నియాలో, ఒకటి ఉత్తర కరోలినాలో, ఒకటి జపాన్‌లోని ఒకినావాలో ఉన్నాయి.

ఈ ఏర్పాటు ఎలా పనిచేస్తుందో చెప్పడానికి మన విశాఖలోనే ఒక సాక్షి ఉంది. ఐఎన్‌ఎస్‌ జలాశ్వ. 2007లో మన నౌకాదళంలో చేరకముందు అది 1971 నుంచి అమెరికా మెరైన్లను మోసిన యూఎస్‌ఎస్‌ ట్రెంటన్‌. 1991 జనవరిలో సోమాలియా రాజధాని మొగదిషు అంతర్యుద్ధంలో తగలబడుతోంది. అక్కడి అమెరికా రాయబార కార్యాలయం చుట్టూ దోపిడీ ముఠాలు చేరాయి. ట్రెంటన్‌ ఇంకా వందల మైళ్ల దూరంలో సముద్రం మీద ఉండగానే దాని మీద నుంచి రెండు భారీ హెలికాప్టర్లు లేచాయి. దారిలో గాల్లోనే ఇంధనం నింపుకుంటూ వెళ్లి కార్యాలయం ఆవరణలో 60 మందిని దించాయి. ఆ ఆపరేషన్‌ ముగిసేసరికి 30 దేశాలకు చెందిన 281 మంది ప్రాణాలతో బయటపడ్డారు. గోడ ఎక్కడానికి నిచ్చెనలతో వచ్చిన ముఠా ఎదుట నిలబడ్డ మెరైన్‌కు, కాల్చాలా ఆగాలా అన్నది చెప్పడానికి పక్కన జనరల్‌ ఉండడు. హెలికాప్టరూ కాపలా జట్టూ వేర్వేరు దళాలవైతే ఉత్తర్వులు తేలేలోపు గోడ కూలేది. ఒకే ఓడలో కలిసి తిని, కలిసి సాధన చేసినవాళ్లు కనుక పని జరిగింది.

అదే ఓడ 2020 మే నెలలో కరోనా వేళ మాల్దీవుల నుంచి 698 మంది భారతీయులను కొచ్చికి చేర్చింది. జెండా మారింది, పేరు మారింది. ఒడ్డున చిక్కుకున్న మనిషిని ఓడ దాకా తెచ్చే పని మారలేదు.

అధికారం దారి తప్పితే

ఇక్కడే గట్టి అభ్యంతరం ఒకటి వస్తుంది. అంత బాధ్యత అంత కిందికి దించితే అక్కడ ఉన్నవాడు తప్పుచేస్తే ఎవరు ఆపుతారు? ఇది ఊహతో అడిగే ప్రశ్న కాదు, నెత్తుటితో రాసినది. 1956 ఏప్రిల్‌ 8 రాత్రి పారిస్‌ ఐలండ్‌లో ఒక డ్రిల్‌ ఇన్‌స్ట్రక్టర్‌ తన ప్లటూన్‌కు క్రమశిక్షణ నేర్పాలని వాళ్లను చీకట్లో రిబ్బన్‌ క్రీక్‌ అనే పాయలోకి నడిపించాడు. లోతు తెలియని బురద, పోటు మీదున్న నీళ్లు. ఈత రానివాళ్లు చాలామంది ఉన్నారు. ఆరుగురు మునిగిపోయారు. ఆ కుర్రాళ్లకు ‘వద్దు’ అనడం నేర్పలేదు. ఆ రాత్రి ఆ ఇన్‌స్ట్రక్టర్‌ను చూసేవాడు పైన ఎవరూ లేరు.

2005 నవంబరు 19న ఇరాక్‌లోని హదీసాలో జరిగింది ఇంకా ఘోరం. రోడ్డు పక్కన పేలిన బాంబుకు ఒక మెరైన్‌ చనిపోయాడు. తర్వాత అతని స్క్వాడ్‌ మెరైన్లు రోడ్డు మీదా, పక్కనున్న ఇళ్లలోకి వెళ్లీ కాల్పులు జరిపారు. ఆడవాళ్లు, పిల్లలతో కలిపి 24 మంది పౌరులు చనిపోయారు. వాళ్లలో చాలామంది బాంబు పేలుడులో పోయారని మొదట ప్రకటించారు. నెలల తర్వాత పత్రికల ద్వారానే నిజం బయటికొచ్చింది. ఏళ్ల తరబడి విచారణ సాగాక శిక్షపడింది స్క్వాడ్‌ నాయకుడు ఒక్కడికే. అది కూడా విధుల్లో నిర్లక్ష్యానికి హోదా తగ్గించడం మాత్రమే. 24 ప్రాణాలకు అది న్యాయం కాదు.

ఈ రెండు ఉదంతాలనూ పక్కనపెట్టి మెరైన్ల నిర్మాణాన్ని మెచ్చుకోవడం నిజాయతీ కాదు. వాటిని చూపి, కింది నాయకుడి చేతిలోంచి అధికారం లాగేయాలనడం కూడా సరికాదు. రిబ్బన్‌ క్రీక్‌ తర్వాత జరిగింది గమనించండి. డ్రిల్‌ ఇన్‌స్ట్రక్టర్ల పదవి తీసేయలేదు. వాళ్ల ఎంపికను కఠినం చేశారు, వాళ్ల మీద అధికారుల పర్యవేక్షణ పెంచారు. అధికారం అలాగే ఉంది, దాని పక్కన ఒక కన్ను వచ్చి చేరింది. ప్లటూన్‌లో కుర్ర లెఫ్టినెంట్‌ పక్కన పండిన సార్జెంట్‌ను, కంపెనీలో కెప్టెన్‌ పక్కన ఫస్ట్‌ సార్జెంట్‌ను పెట్టడం వెనక ఉన్నదీ ఆ లెక్కే. హదీసాలో కుప్పకూలింది కూడా అదే. చెప్పాల్సినవాళ్లు చెప్పలేదు, అడగాల్సినవాళ్లు అడగలేదు. నిర్ణయం కిందికి దిగిన ప్రతిచోటా జవాబుదారీ పైదాకా ఎక్కాలి. ఒకటి జరిగి రెండోది జరగకపోతే ఆ నలుగురి టీమ్‌ ఆయుధాలున్న ముఠాగా మారుతుంది.

మెరైన్‌ దళాధిపతిగా పనిచేసిన జనరల్‌ చార్లెస్‌ క్రూలక్‌ 1999లో ‘వ్యూహాత్మక కార్పొరల్‌’ అనే మాట వాడుకలోకి తెచ్చారు. ఒకే నగరంలో ఒక వీధిలో అన్నం పంచాలి, రెండో వీధిలో రెండు వర్గాలను విడదీయాలి, మూడో వీధిలో పోరాడాలి. ఆ మూడు వీధుల్లోనూ కార్పొరల్‌ తీసుకునే నిర్ణయం దేశం పరువునే మార్చగలదని ఆయన వాదన. ఆరేళ్ల తర్వాత హదీసా ఆ వాదనను అతి విషాదకరంగా నిజం చేసింది.

రెండో సైన్యం ఎందుకు? డ్రోన్ల కాలంలో ఎందుకు?

ఇంకో అభ్యంతరం ఖర్చు గురించి. అంత పెద్ద సైన్యం ఉండగా, దాని పనే చేసే ఇంకో దళం దేనికని అమెరికాలోనే ఎన్నోసార్లు అడిగారు. 1950లో అధ్యక్షుడు ట్రూమన్‌ మెరైన్లను చులకన చేస్తూ రాసిన ఉత్తరం బయటపడి, ఆయన క్షమాపణ చెప్పాల్సి వచ్చింది. లెక్కల్లో చూస్తే ఆ ప్రశ్నలో పస ఉంది. కానీ నీటి నుంచి నేలకు దిగడం అవసరమైనప్పుడు నేర్చుకునే విద్య కాదు. 1971 డిసెంబరులో బంగ్లాదేశ్‌ యుద్ధం చివర్లో మన సైన్యం కాక్స్‌ బజార్‌ దగ్గర సముద్రం మీదుగా దిగబోయింది. ఆ పనిలో తర్ఫీదు లేని జవాన్లు, సరిగా అంచనా వేయని తీరం. ఓడ ఒడ్డుకు చేరలేక ఆగిపోయింది, దిగినవాళ్లలో ప్రాణనష్టం జరిగింది. ఆ జవాన్ల ధైర్యానికి లోటు లేదు. ఓడా జవానూ కలిసి సాధన చేసే ఏర్పాటు లేకపోవడమే లోటు.

డ్రోన్లు, దూరాన్నుంచి కొట్టే క్షిపణులు వచ్చాక ఒడ్డుకు దూకే దళానికి కాలం చెల్లిందని ఇంకొందరంటారు. ఆ భయం మెరైన్లకూ ఉంది. 2020లో అప్పటి దళాధిపతి జనరల్‌ డేవిడ్‌ బెర్జర్‌ మొదలుపెట్టిన ‘ఫోర్స్‌ డిజైన్‌ 2030’ కింద ట్యాంకులన్నీ వదిలేశారు. గొట్టం ఫిరంగుల బ్యాటరీలను 21 నుంచి అయిదుకు తగ్గించాలనుకున్నారు. 2022లో హవాయిలో మూడో మెరైన్‌ లిటొరల్‌ రెజిమెంట్‌ మొదలైంది. చిన్న చిన్న జట్లుగా దీవుల మీద చేరి, ఓడలను కొట్టే క్షిపణులతో కాపుకాయడం దాని పని. క్రూలక్‌తో సహా రిటైరైన జనరళ్లు ఎందరో దీన్ని బహిరంగంగా వ్యతిరేకించారు. ఎవరిది సరైన మాటో భవిష్యత్తు తేలుస్తుంది. ఈ వాదన అంతా పై మెట్ల గురించే అన్నది మాత్రం ఇప్పుడే కనిపిస్తోంది. శత్రువు సంకేతాలు పసిగట్టకుండా రేడియో మూసేసి, ఎవరూ లేని దీవిలో ఉండాల్సిన జట్టుకు తరావా గోడ కింద ఉన్నవాళ్లకన్నా ఎక్కువ స్వతంత్ర బుద్ధి కావాలి. ఆయుధం కొత్తదయ్యేకొద్దీ కార్పొరల్‌ బరువు పెరుగుతోంది.

▣ మన దగ్గర

● భారత్‌కు విడిగా మెరైన్‌ దళం లేదు. తీరాల్లో దిగే పనికి సైన్యంలోని ప్రత్యేక బ్రిగేడ్‌, నౌకాదళ ఓడలు కలిసి పనిచేస్తాయి.
● 1987లో పుట్టిన ‘మార్కోస్‌’ నౌకాదళపు కమాండో బలగం. ఎంపిక చేసిన కొద్దిమందితో ప్రత్యేక పనులకు మాత్రమే.
● మార్కోస్‌ స్థావరం ఐఎన్‌ఎస్‌ కర్ణ 2016లో భీమునిపట్నంలో ప్రారంభమైంది.

మనం తీసుకోవాల్సింది

ఇందులోంచి మనకు అందే పాఠం అమెరికాలాంటి దళం పెట్టుకోవాలన్నది కాదు. మన తీరం వేరు, అవసరం వేరు, ఖజానా వేరు. పాఠం మనుషుల గురించి. మెరైన్‌ దళం చాలాకాలం కుర్రాళ్లను తెచ్చుకుని, నాలుగేళ్లయ్యాక పంపేసి, మళ్లీ కొత్తవాళ్లను తెచ్చుకుంటూ వచ్చింది. 2021లో అదే దళం ఆ పద్ధతిని తప్పుపట్టుకుంది. చురుకైన ఒళ్లు ఎంత అవసరమో, నాయకత్వ మెట్ల మీద పండిన బుర్ర అంత అవసరమని, అనుభవమున్నవాళ్లను నిలుపుకోవాలని రాసుకుంది. ఆ మరుసటి ఏడాదే మన దేశంలో సైన్యంలో నాలుగేళ్ల కొలువుకు అగ్నిపథ్‌ పథకం వచ్చింది. గడువు ముగిశాక నలుగురిలో ఒకరిని ఉంచుకునే పద్ధతి అది. సికింద్రాబాద్‌ స్టేషన్‌లో చెలరేగిన నిరసనల నుంచి నేటి దాకా దాని మీద మన చర్చ ఉద్యోగ భద్రత చుట్టూనే తిరిగింది. ఆ ఆవేదన న్యాయమైనదే. దానితోపాటు అడగాల్సిన ప్రశ్న ఇంకొకటి ఉంది. రేపు ముగ్గురిని నడిపించే నాయక్‌, పదిమందిని నడిపించే హవల్దార్‌ ఎక్కడ పండుతారు? ఇంటికొకరు చొప్పున సైన్యానికి పంపిన పశ్చిమ గోదావరి మిలిటరీ మాధవరంలాంటి ఊళ్లకు ఆ ప్రశ్న విలువ బాగా తెలుసు.

మన వాడుకలో ‘ఆ నలుగురు’ అంటే మనిషి చివరి ప్రయాణానికి భుజం పట్టేవాళ్లు. బతికినన్నాళ్లూ సంపాదించుకోవాల్సింది వాళ్లనే అని పెద్దలంటారు. మెరైన్‌ దళం ఆ నలుగురిని మొదటి రోజే చేతికిస్తుంది. ఈసారి కాకినాడ తీరంలో విన్యాసాలు జరిగినప్పుడు కెమెరాలు సహజంగానే ఓడల మీద, హెలికాప్టర్ల మీద నిలుస్తాయి. వాహనం తలుపు తెరుచుకోగానే ముందు దూకి, మోకాలి లోతు నీళ్లలో ఒక్క క్షణం ఆగి, వెనక్కి తిరిగి తనవాళ్లు ముగ్గురూ వచ్చారా లేదా అని చూసుకునే కుర్రాడు ఒకడు ఉంటాడు. ఆ దళాన్ని 250 ఏళ్లుగా నిలబెడుతున్న పని ఏమిటో అతన్ని చూస్తే తెలుస్తుంది.